ఇంజనుల ఇంటిపేర్లు: ఒక వంశావళిలోని పొరపాట్లు

ఉత్తరపారాలోని హిందుస్థాన్ మోటార్స్ కర్మాగారము నుండి అంబాసిడర్ కారు 1957లో వెలువడినది. 2014 వరకు ఆ కారు అక్కడ తయారవుతూ వచ్చినది. కలెక్టరు కచేరీ ముందుగాని, పెండ్లివారి ఇంటి ముందుగాని ఆ కారును చూడని తెలుగువారు అరుదు. అయితే తొలి అంబాసిడరులో ఏ ఇంజను ఉండేదని అడిగితే సాధారణముగా వచ్చే జవాబు ఒకటే: “1500 సీసీ ఇంజను.” ఈ జవాబు తప్పు కాదు, కాని దీనివలన తెలిసేది దాదాపు ఏమీ లేదు. 1957లో ఆ కారులో ఉన్నది 1476 ఘన సెంటీమీటర్ల ఇంజను. 1959లో దాని స్థానములో వచ్చినది 1489 ఘన సెంటీమీటర్ల ఇంజను. తేడా 13 ఘన సెంటీమీటర్లు మాత్రమే. ఒక పెద్ద చెంచాలో పట్టే నీరు. అయినను మొదటిదాని పిస్టనుగాని, హెడ్డుగాని, క్రాంకు షాఫ్టుగాని రెండవదానికి పనికిరాదు. మొదటిది ఇంగ్లండులోని మోరిస్ కంపెనీవారి రూపకల్పన. రెండవది ఒకప్పుడు వారికి పోటీదారులైన ఆస్టిన్ కంపెనీవారి సంతానము.

మోటారు ఇంజనులను గురించి వ్రాసే గ్రంథాలలోను, పట్టికలలోను ఇట్టి జవాబులు తరచుగా కనిపిస్తాయి. అంకె ఉంటుంది, పేరు ఉంటుంది. కాని ఆ ఇంజను ఎక్కడ పుట్టినది, దేనికి బంధువు అనే విషయము తెలియదు. కొన్నిచోట్ల పేరే పాఠకుని తప్పుదారి పట్టిస్తుంది. బ్రిటిష్ మోటార్ కార్పొరేషన్, అనగా బి.ఎం.సి., వారి ఎ, బి, సి అనే మూడు ఇంజను కుటుంబాల చరిత్ర ఇందుకు మంచి ఉదాహరణ.

ముందుగా ‘కుటుంబము’ అనే మాటకు అర్థము నిర్ణయించుకొనవలెను. ఇంజనుకు వెన్నెముక వంటిది బ్లాకు. అది పోతపోసిన ఇనుపదిమ్మ. అందులో సిలిండర్లను తొలుస్తారు. సిలిండరు అడ్డుకొలతను బోరు అంటారు. పిస్టను పైకి క్రిందికి నడిచే దూరాన్ని స్ట్రోకు అంటారు. ఈ రెండు కొలతలు తెలిస్తే ఇంజను పరిమాణాన్ని పాఠశాల విద్యార్థి కూడా లెక్కకట్టగలడు. పైన చెప్పిన రెండవ ఇంజనులో బోరు 73.025 మిల్లీమీటర్లు, స్ట్రోకు 88.9 మిల్లీమీటర్లు. వ్యాసార్ధపు వర్గాన్ని పైతో గుణించి, దానిని స్ట్రోకుతో గుణించి, నాలుగు సిలిండర్లకు లెక్కవేస్తే 1489 ఘన సెంటీమీటర్లు వస్తాయి.

పెద్ద కర్మాగారములో సిలిండర్లను ఒక్కొక్కటిగా తొలవరు. ఒకే వరుసలో అమర్చిన యంత్రాలు బ్లాకును ఒకదాని నుండి మరొకదానికి అందించుకుంటూ, నిర్ణీతమైన ఎడములలో రంధ్రాలను తొలుస్తాయి. బోరును కొంచెము పెంచడానికి పనిముట్టును మార్చితే చాలు. స్ట్రోకును మార్చడానికి వేరొక క్రాంకు షాఫ్టు కావలెను. కాని సిలిండర్ల మధ్య ఎడమును మార్చవలెనంటే యంత్రాల వరుసనే తిరిగి అమర్చవలసి వస్తుంది. ఆ ఖర్చు అపారము. అందువలన ఒక బ్లాకును ఒకసారి రూపొందించిన కంపెనీ, అందులో నుండే చిన్నవి, పెద్దవి అనేక ఇంజనులను తీయడానికి చూస్తుంది. ఇట్లు ఒకే మూలము నుండి వచ్చిన ఇంజనుల సముదాయమే ఒక కుటుంబము. కావున కుటుంబమనేది పేర్లు పెట్టేవారి కల్పన కాదు. కర్మాగారపు ఆర్థిక నియమము నుండి పుట్టిన వాస్తవము.

ఇక బి.ఎం.సి. సంగతి. ఆస్టిన్ కంపెనీ, మోరిస్ కార్లను తయారుచేసే నఫీల్డ్ సంస్థ 1952లో విలీనము కాగా ఈ కార్పొరేషను ఏర్పడినది. విలీనము తరువాత ఇంజనులకు పరిమాణమును బట్టి అక్షరాలు పెట్టినారు. చిన్నది ఎ, మధ్యది బి, ఆరు సిలిండర్ల పెద్దది సి. ఈ అమరిక చూడముచ్చటగా ఉన్నది. వాడుకకు కూడా సులభమే. దీనిని చూచిన పాఠకుడు ఒక ఇంజనీరు ఒక బల్లవద్ద కూర్చుండి, మూడు ఇంజనులను ఒక క్రమములో గీసినాడని అనుకుంటాడు. నిజానికి అట్లు జరుగలేదు. అక్కడే మొదటి చిక్కు ఉన్నది.

ఎ ఇంజను 1951లో ఆస్టిన్ ఎ30 అనే చిన్న కారుతో లోకానికి తెలిసినది. అప్పటి పరిమాణము 803 ఘన సెంటీమీటర్లు. అప్పటికి బి.ఎం.సి. పుట్టనేలేదు, కనుక ఆ ఇంజనుకు పుట్టిననాటి పేరు ‘బి.ఎం.సి. ఎ’ కాజాలదు. బి కుటుంబపు 1489 ఘన సెంటీమీటర్ల ఇంజను 1953లో ఎం.జి. మాగ్నెట్ కారుతో వచ్చినది. సి ఇంజను 1954లో ఆస్టిన్ ఎ90 వెస్ట్‌మినిస్టర్ కారులో 2639 ఘన సెంటీమీటర్ల పరిమాణముతో వచ్చినది. ఎ, బి కుటుంబాలు ఆస్టిన్ వారి సంప్రదాయములోనివి. సి మాత్రము మోరిస్ ఇంజనుల విభాగమువారి రూపకల్పన. బి, సి రెండింటికీ స్ట్రోకు 88.9 మిల్లీమీటర్లే కావడము వలన రెండవదానికి రెండు సిలిండర్లు చేర్చి మూడవదానిని చేసినారని భ్రమపడే అవకాశమున్నది. అక్షరాల వరుస ఆ భ్రమను బలపరుస్తుంది. కొలత ఒకటైనంత మాత్రాన కులము ఒకటి కాదు.

రెండవ చిక్కు ఇంతకంటె తీవ్రమైనది. 1947లో ఆస్టిన్ ఎ40 డెవన్ కారు వచ్చినది. దాని ఇంజను 1200 ఘన సెంటీమీటర్లు. స్ట్రోకు 89 మిల్లీమీటర్లు. 1954లో ఎ40 కేంబ్రిడ్జ్ అనే కారు వచ్చినది. దాని ఇంజను కూడా 1200 ఘన సెంటీమీటర్లే. బోరు, స్ట్రోకు కూడా అవే. ఈ రెండవది నిస్సందేహముగా బి కుటుంబమునకు చెందినది. పట్టికలో రెండు వరుసలు ఒకే విధముగా ఉండుట చూచి, పలువురు వ్రాతగాండ్రు 1947 నాటి ఇంజనును కూడా ‘బి’ అని పేర్కొంటూ వచ్చినారు. పైకి చూస్తే ఇందులో దోషము కనిపించదు.

కాని బ్లాకులను ప్రక్కప్రక్కన ఉంచి చూస్తే సంగతి బయటపడుతుంది. 1947 నాటి బ్లాకులో బోరును పెద్దగా పెంచడానికి చాలినంత లోహము లేదు. 1500 ఘన సెంటీమీటర్ల ఇంజను కావలసి వచ్చినప్పుడు ఆస్టిన్ ఇంజనీర్లు మరికొంత పొడవు, బరువు గల కొత్త బ్లాకును గీయవలసి వచ్చినది. అదే బి కుటుంబమునకు ఆది. ఆ కొత్త బ్లాకులో పాత బోరును తొలచి మరల 1200 ఘన సెంటీమీటర్ల ఇంజనును కూడా చేసినారు. లోపలి కొలతలు సమానము, దిమ్మ వేరు.

“ఇంతమాత్రము తేడాకు ఇంత వాదమెందుకు?” అని ఎవరైనా అడుగవచ్చును. ఎందుకనగా, 1951లో వచ్చిన ఎ ఇంజను కూడా ఆ 1947 నాటి ఇంజను రూపకల్పనను కుదించి చేసినదే. అనగా 1947 నాటి ఇంజను ఎ కుటుంబమునకును, బి కుటుంబమునకును ఉమ్మడి పూర్వికుడు. దానికి ‘బి’ అని పేరుపెట్టినట్లయితే వంశవృక్షము తలక్రిందులవుతుంది. బి ముందు పుట్టి ఎ దానికి సంతానమైనట్లు కనిపిస్తుంది. నిజానికి ఆ పేర్లకు తగిన ఇంజనులలో ఎ పెద్దది, బి చిన్నది. రెండూ ఒక తాతగారి మనుమలు. తాతకు మనుమని పేరు పెట్టి, తాత లేడని చెప్పుట చరిత్ర కాజాలదు. పేరులేని ఇంజనును పేరులేనిదిగానే, “1947 నాటి ఆస్టిన్ 1200” అని వ్రాయుట లోపము కాదు. అది సత్యము.

కారు పేర్లు ఈ గందరగోళమును ఇంకను పెంచినవి. ఆస్టిన్ వారు తమ కార్లకు ఎ30, ఎ40, ఎ90 అని పేర్లు పెట్టేవారు. ఈ ‘ఎ’కు, ఎ ఇంజనుకు సంబంధము లేదు. ఎ90 వెస్ట్‌మినిస్టరులో ఉన్నది సి ఇంజను. ఎ40 సంగతి మరింత విచిత్రము. 1947 నాటి ఎ40లో పైన చెప్పిన పూర్వికుడు, 1954 నాటి ఎ40లో బి ఇంజను, 1958 నాటి ఎ40లో 948 ఘన సెంటీమీటర్ల ఎ ఇంజను ఉన్నవి. “ఎ40 ఇంజను” అనే మాటకు ఈ మూడింటిలో ఏదైనా అర్థము కావచ్చును.

మూడవ చిక్కు పరిమాణమును పేరుగా వాడుట. ఇంగ్లండులోనే ‘1500’ అనబడే ఇంజనులు మూడు ఉన్నవి. 1948 నాటి మోరిస్ ఆక్స్‌ఫర్డ్ కారులోని 1476 ఘన సెంటీమీటర్ల ఇంజను మొదటిది. అందులో కవాటాలు సిలిండరు ప్రక్కన, బ్లాకులోనే ఉంటాయి. మెకానిక్కులు దీనినే సైడు వాల్వు అంటారు. రెండవది బి కుటుంబపు 1489. అందులో కవాటాలు పైన హెడ్డులో ఉంటాయి. వాటిని నడిపే క్యాం షాఫ్టు మాత్రము క్రింద బ్లాకులో ఉండి, కడ్డీల ద్వారా వాటిని తెరుస్తుంది. మూడవది 1969లో ఆస్టిన్ మాక్సీ కారుతో వచ్చిన ఇ కుటుంబపు 1485. అందులో క్యాం షాఫ్టు కూడా పైకెక్కి హెడ్డులో కూర్చున్నది. ఈ మూడింటి మధ్య పరిమాణములో తేడా 13 ఘన సెంటీమీటర్లు మించదు. కాని రూపకల్పనలో మూడు వేరువేరు తరాలు.

దీనికి విరుద్ధమైన ఉదాహరణ ఎ కుటుంబములోనే ఉన్నది. 1961లో మినీ కూపర్ కారులో 997 ఘన సెంటీమీటర్ల ఇంజను వచ్చినది. 1964లో దాని స్థానములో 998 వచ్చినది. తేడా ఒక్క ఘన సెంటీమీటరు. దీనిని అచ్చు సవరణగా భావించి రెండింటినీ కలిపివేసినవారికి నష్టము తప్పదు. మొదటిదాని స్ట్రోకు 81.3 మిల్లీమీటర్లు, రెండవదానిది 76.2. క్రాంకు షాఫ్టు వేరు, పిస్టను వేరు. అయినను రెండూ ఒకే కుటుంబములోనివే. కనుక పరిమాణము దగ్గరగా ఉండుట బంధుత్వమునకు గుర్తు కాదు. దూరముగా ఉండుట బంధుత్వము లేదనడానికి గుర్తు కాదు. 803 నుండి 1275 వరకు గల ఎ ఇంజనులన్నీ ఒక ఇంటివారే.

అక్షరము సముద్రము దాటితే ఏమవుతుందో కూడ చూడదగినది. జపానులోని నిస్సాన్ కంపెనీ 1952లో ఆస్టినుతో ఒడంబడిక చేసుకొని, ఆ కార్లను తమ దేశములో తయారుచేసినది. వాటిలో బి కుటుంబపు 1489 ఇంజను ఒకటి. తరువాత నిస్సాన్ వారికి చిన్న ఇంజను కావలసి వచ్చినది. వారు బోరును 73 మిల్లీమీటర్ల వద్దనే ఉంచి, స్ట్రోకును 89 నుండి 59కి తగ్గించి, 988 ఘన సెంటీమీటర్ల ఇంజనును తీసినారు. అది 1957లో డాట్సన్ 210 కారులో వచ్చినది. దానికి వారు పెట్టిన పేరు ‘సి’. స్ట్రోకును 71కి పెంచి 1189 ఘన సెంటీమీటర్లు చేసి, 1959 నాటి బ్లూబర్డ్ కారులో అమర్చినదానికి పెట్టిన పేరు ‘ఇ’. బర్మింగ్‌హామువారి సి, ఇ ఇంజనులతో వీటికి ఏ సంబంధమును లేదు. బర్మింగ్‌హామువారి బి ఇంజనుతో మాత్రము రక్తసంబంధమే ఉన్నది. అక్షరాలను మాత్రమే చూచేవాడు బంధువులను పరాయివారుగాను, పరాయివారిని బంధువులుగాను వ్రాస్తాడు. “ఇంటిపేరు కస్తూరివారు, ఇల్లంతా గబ్బిలాల కంపు” అనే తెలుగు సామెత ఇక్కడ కూడ వర్తిస్తుంది.

అంబాసిడరు విషయములో జరిగే పొరపాటు ఈ కోవలోనిదే. ఇంగ్లండులో 1954 నాటి రెండవ సిరీస్ ఆక్స్‌ఫర్డ్, 1956 నాటి మూడవ సిరీస్ ఆక్స్‌ఫర్డ్ రెండింటిలోను 1489 ఇంజనే ఉన్నది. ఆ రెండవ సిరీస్ రూపముతో హిందుస్థాన్ మోటార్స్ వారు ల్యాండ్‌మాస్టర్ కారును చేసినారు. మూడవ సిరీస్ రూపముతో అంబాసిడరును చేసినారు. ఇంగ్లండు పట్టికను చూచి ఇండియా గడిని నింపేవాడు రెండింటికీ 1489 అని వ్రాస్తాడు. కాని ఇక్కడ ల్యాండ్‌మాస్టరులోను, తొలి అంబాసిడరులోను ఉన్నది పాత సైడు వాల్వు ఇంజను. కారు పైరూపము ఒక తరము ముందుకు నడిచినది. ఇంజను వెనుక తరములోనే ఉన్నది. ఒక దేశపు పరిశ్రమ ఏ విజ్ఞానమును ఎప్పుడు అందుకొన్నదో తెలిపే చరిత్రలో రెండేండ్ల తేడా చిన్నది కాదు.

అయితే కుటుంబమును గుర్తించడానికి తిరుగులేని కొలబద్ద ఏది? సిలిండర్ల మధ్య ఎడమే అని కొందరి సమాధానము. పైన చెప్పిన కారణమువలన ఇది చాలవరకు సరియైనదే. కాని ప్రకృతివలెనే కర్మాగారము కూడ సూత్రాలకు లొంగి ఉండదు. 1963లో మినీ కూపర్ ఎస్ కొరకు ఎ ఇంజనుకు 70.6 మిల్లీమీటర్ల బోరు కావలసి వచ్చినది. ఉన్న ఎడములలో అది పట్టదు. అందుకని రెండు చివరి సిలిండర్లను వెలుపలికి జరిపి, నడిమి రెండింటిని దగ్గరకు చేర్చినారు. ఆ మార్పుతోనే 1071, 970, 1275 ఘన సెంటీమీటర్ల ఇంజనులు వచ్చినవి. ఎడము మాత్రమే కొలబద్ద అయితే వీటిని ఎ కుటుంబము నుండి వెలివేయవలెను. కాని మిగిలిన రూపకల్పన అంతయు ఎ ఇంజనుదే.

బి కుటుంబములో మరొక మార్పు జరిగినది. 1962లో ఎం.జి.బి. కారులో వచ్చిన 1798 ఘన సెంటీమీటర్ల ఇంజనులో క్రాంకు షాఫ్టును మూడు బేరింగులు మోసేవి. 1964లో వాటిని ఐదు చేసినారు. బోరు మారలేదు, స్ట్రోకు మారలేదు, పరిమాణము మారలేదు, పేరు మారలేదు. మారినది క్రాంకు షాఫ్టు, దానిని మోసే బ్లాకు. పాత బ్లాకులో కొత్త క్రాంకు కూర్చుండదు. పట్టికలో ఈ రెండు ఇంజనులు ఒకే వరుసలో ఇమిడిపోతాయి. మెకానిక్కు బల్లమీద మాత్రము ఇమడవు.

ఇక్కడ కంపెనీవారికి రావలసిన ప్రశంసను ఇవ్వవలెను. కుటుంబపు పేరు చెప్పని సంగతిని వారు ఇంజను నంబరులో చెప్పినారు. ఎం.జి. ఇంజనుల నంబర్లకు ముందు 15జి, 16జి, 18జి వంటి గుర్తులుండేవి. అంకె పరిమాణమును, అక్షరము కారు జాతిని తెలిపేది. ఎం.జి.బి.లో 18జి, 18జిఎ అన్నవి మూడు బేరింగుల ఇంజనులు; 18జిబి అన్నది ఐదు బేరింగులది. పెద్ద పేరు కంటె ఇంజను ప్రక్కన చిన్న రేకుమీద కొట్టిన ఈ గుర్తు ఎక్కువ నిజము చెప్పినది. గ్రంథకర్తలు పట్టికలలో వదలివేసేది కూడ సాధారణముగా దీనినే.

ఈ విషయములో వృక్షశాస్త్రజ్ఞుల ఆచారము అనుసరింపదగినది. లినేయస్ 1753లో మొక్కలకు రెండు మాటల పేర్లు పెట్టే పద్ధతిని స్థిరపరచిన నాటినుండి, పేరు కంటె వర్ణన ముఖ్యమనే నియమము క్రమముగా బలపడినది. ఒక జాతికి పేరు పెట్టినవాడు ఒక ఎండు నమూనాను చూపవలెను. తరువాత పేరు మారినను నమూనా మారదు. పాత పేరు కూడ చెరిగిపోదు, మారుపేరుగా నమోదై ఉంటుంది. ఇంజనులకు కూడ ఇట్టి నమోదు కష్టము కాదు. పుట్టిననాటి పేరు, తరువాత వచ్చిన పేరు, ఆ పేరు వచ్చిన కాలము వేరువేరుగా వ్రాయవలెను. పరిమాణమును మాత్రమే గాక బోరు, స్ట్రోకు రెండింటిని ఇవ్వవలెను. కవాటాల స్థానము, బేరింగుల సంఖ్య, సిలిండర్ల ఎడము తెలుపవలెను. ఇంజను నంబరు ముందరి గుర్తును ఇవ్వవలెను. మాతృక నుండి ఏ భాగము నిలిచినది, ఏది మారినది చెప్పవలెను. ఇన్ని చెప్పిన తరువాత ‘ఎ’ అన్నను, ‘బి’ అన్నను నష్టము లేదు. ఇవి చెప్పకుండ ఆ అక్షరాలను మాత్రమే చెబితే లాభము లేదు.

ఎ కుటుంబము 2000లో మినీ కారుతోపాటు ముగిసినది. ఆ ఇంజనులను గీసినవారు, పోతపోసినవారు, విప్పి బిగించినవారు తరము వెంబడి తరముగా వెళ్లిపోతున్నారు. వారు చేతితో తడిమి గుర్తుపట్టిన తేడాలను ఇక మీద పుస్తకమే గుర్తుపట్టవలెను. ఏ ఊరి షెడ్డులోనో ఒక పాత అంబాసిడరు మూత ఎత్తి, పుస్తకములో ‘1500’ అని మాత్రమే చూచి, 1489కి చెందిన పిస్టన్లను తెప్పించిన యువకుడు, తన ముందున్నది 1476 అని తెలిసినప్పుడు పుస్తకమును నమ్మడము మానుకుంటాడు. ఆ తప్పు యువకునిది కాదు. ఒక యంత్రమునకు పేరు పెట్టుట ఒక వాక్యము పని. దానిని వర్ణించుటకు ఒక పుట పట్టవచ్చును. ఆ పుటను వ్రాయని గ్రంథము ఎంత అందముగా అచ్చయినను దాని పని సగమే జరిగినట్లు.